జీవో 3 తీర్పును మనమే చదవాలి

 

ఏజెన్సీ బడుల్లో టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇవ్వాలని 2000 జనవరి 10న జీవో 3 వచ్చింది. హైకోర్టు సమర్థించింది. 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని కొట్టేసింది.

అప్పటి నుంచి "మన రిజర్వేషనే పోయింది, డీఎస్సీ ఎందుకు రాయాలి మేడం?" అని అడిగేవాళ్లు ఎక్కువయ్యారు. అది నిజం కాదు. కోర్టు తప్పుపట్టింది నూటికి నూరు శాతాన్ని. ఐదో షెడ్యూలు కింద గవర్నరు అధికారం ప్రాథమిక హక్కులను దాటిపోకూడదంది. 1950 జనవరి 26 నుంచి అక్కడే నివాసం ఉండాలన్న షరతు తోటి గిరిజనులకూ అన్యాయమేనంది. అప్పటికే చేరిన టీచర్లను తీసేయలేదు, ఇకముందు హద్దు మీరొద్దని ప్రభుత్వాలకు షరతు పెట్టింది. ఎస్టీ కోటా అలాగే ఉంది.

1986లో వచ్చిన ఇలాంటి జీవో కూడా ట్రైబ్యునల్‌లో నిలబడలేదు. అంటే మన కోరిక న్యాయమైనదైనా, దాన్ని రాసే పద్ధతి గట్టిగా ఉండాలి.

ఒకటో తరగతి పిల్ల కోయలోనో, కువిలోనో, సవరలోనో మాట్లాడితే అర్థం చేసుకునే టీచరు కావాలి. ఆ అవసరాన్ని ఏ తీర్పూ కొట్టేయలేదు. మన ఊళ్ల బడుల్లో ఎంతమంది టీచర్లకు పిల్లల భాష వచ్చో మీరే లెక్క రాయండి. ఆ లెక్కతో, కోర్టులో నిలిచే చట్టం అడుగుదాం.

ఈలోగా టెట్, డీఎస్సీ వదలొద్దు. కుల ధ్రువపత్రం, నివాస ధ్రువపత్రం ఇప్పుడే సిద్ధం చేసుకోండి.

జై ఆదివాసీ!