భోగిమంటకు కరెంటు స్తంభం వద్దు
(భోగి ఏర్పాట్ల సమావేశంలో వాలంటీర్ల తరఫున చేసిన ప్రసంగం)

పోయిన భోగికి సభ్యులొకరు పాత కరెంటు స్తంభం ముక్కలు తెచ్చారు. ఎండుకట్టెలే కదా అని మేమూ పేర్చబోయాం. ఘాటైన మందు వాసన తగిలి ఆగిపోయాం.

చెద, కుళ్లు పట్టకుండా ఆ కర్రకు క్రియోసోట్, ఆర్సెనిక్ వంటి మందులు పట్టిస్తారు. కాలిస్తే ఆ విషం పొగలో, బూడిదలో చేరుతుంది. కూరగాయల మడికి గట్టుగా కూడా వాడకండి.

కొత్త స్తంభం వేశాక పాతది పక్కనే ఎందుకుంటుందని పిల్లలు అడుగుతుంటారు. ముందు కరెంటు తీగలు మారుస్తారు. తరువాత ఫోన్, ఇంటర్నెట్ కంపెనీలు తమ కేబుళ్లు మార్చుకోవాలి. చివరి కేబుల్ దిగాకే దాన్ని పీకి గుంత పూడుస్తారు. అంతవరకు మనం దాని జోలికి వెళ్లకూడదు.

2022 మే 21 గాలివానకు ఒంటారియోలో వందలాది స్తంభాలు విరిగాయి. మిల్టన్‌లో ఎప్పుడైనా అలా జరిగి తీగ తెగిపడితే, 10 మీటర్ల దూరంలోనే ఆగి 911కు, మిల్టన్ హైడ్రోకు ఫోన్ చేయండి. మెరుపులు రాకపోయినా తీగలో కరెంటు ఉండవచ్చు.

భోగికి పాతవి వేయడం మన ఆచారమే. కానీ మంట చుట్టూ నిలబడేది మన పిల్లలే కదా! ఈసారి మందు పట్టని ఎండుకట్టెలే తెద్దాం.