దామెర్ల రామారావు: ఇరువదెనిమిది నిండని చిత్రకారుడు

కొంతకాలము క్రిందట మేము నెల్లూరు జిల్లా ఉదయగిరి ప్రాంతమునందలి వరికుంటపాడులో ఒక మిత్రుని యింట రాత్రి గడుపవలసివచ్చినది. వసారా గోడమీద బొగ్గుతో గీసిన యెద్దులబండి బొమ్మ యొకటి కనబడెను. చక్రములు కొంత వంకరపోయినవి. కాని మెట్ట నెక్కుచున్న యెద్దుల మెడలలోని బిగువు మాత్రము చక్కగా పట్టుబడినది. గీసినవాడు ఆ యింటి పిల్లవాడు. ఇంటి పెద్దాయన "ఈ గీతలేమన్నా కూడు పెడతాయా అబ్బయా?" అని వానిని మందలించి, మావైపు తిరిగి, "బొమ్మలేసి పేరు తెచ్చుకున్నవాళ్లు మన తెలుగోళ్లలో ఎవరన్నా ఉండారా సార్?" అని యడిగిరి. ఆనాడు వారికి చెప్పిన సమాధానమునే నేడు శ్రోతలకు కొంత విపులముగా విన్నవింతుము.

దామెర్ల రామారావుగారు 1897 మార్చి 8వ తేదీన రాజమహేంద్రవరమున జన్మించిరి. బాల్యమునుండియు వారి చేయి గీతలమీదనే. పాఠ్యపుస్తకములపై వారికంత మక్కువ లేదు. అట్టి పిల్లవాని చేయి చూచి గుర్తించినవారు రాజమహేంద్రవరము ప్రభుత్వ కళాశాలాధ్యక్షులైన ఆస్వాల్డ్ కూల్డ్రేగారు. ఆయన ఆంగ్లేయుడు, స్వయముగా చిత్రకారుడు, కవి. శిష్యులను గోదావరి గట్టునకు తీసికొనిపోయి, కన్నులెదుట నున్నదానిని చూడుడు, చూచినదానిని గీయుడు అని బోధించువారు. అడివి బాపిరాజుగారు, కవికొండల వేంకటరావుగారు ఆ గోష్ఠిలోనివారే. కూల్డ్రేగారి ప్రోత్సాహముననే రామారావుగారు 1916లో బొంబాయి జె. జె. చిత్రకళాశాలలో చేరి, 1920 వరకు అభ్యసించిరి.

ఆనాటి పరిస్థితిని కొంచెము గమనింపవలెను. బొంబాయిలో నేర్పునది పాశ్చాత్య పద్ధతి: ఎదుట మనిషిని నిలిపి, ఎముకను, కండను, వెలుగు నీడలను కొలిచి గీయుట. కలకత్తాలో అవనీంద్రనాథ ఠాకూరుగారి సంప్రదాయము మంచుపొరవంటి పలుచని రంగులతో భావలోకమును చిత్రించుచుండెను. రామారావుగారు మొదటిదానినుండి కొలతను నేర్చిరి, రెండవదానిని గౌరవించిరి, కాని దేనికిని దాసులు కాలేదు. అజంతా గోడలపై నున్న రేఖాలావణ్యమును, గోదావరితీరమున తాము దినదినము చూచిన తెలుగు స్త్రీపురుషుల రూపమును జతపరచి, నీటిరంగులలో తమదైన బాట వేసికొనిరి.

వారి "ఋష్యశృంగ బంధనము" కలకత్తా ప్రదర్శనమున వైస్రాయి బహుమానము పొందినది. ఆ కథ మెట్టప్రాంతపు శ్రోతలకు వేరుగా చెప్పనక్కరలేదు. వానలు లేక అంగదేశ మెండిపోగా, స్త్రీముఖ మెరుగని మునికుమారుని వారాంగనలు వలపించి తెచ్చిరి. ఆతడు అడుగిడగనే వాన కురిసెను. గోదావరి ప్రకృతిచిత్ర మొకటి వైస్రాయి రీడింగుప్రభువే కొనిరి. అటుపిమ్మట రామారావుగారు గొప్ప నగరముల కొలువు వెదకికొనక, సొంత ఊరిలోనే చిత్రకళాశాలను స్థాపించి, పిల్లలను చేరదీసిరి.

ఆ పని నెలకొనుచుండగనే మశూచికము సోకినది. 1925 ఫిబ్రవరి 6న రామారావుగారు మరణించిరి. ఇరువదెనిమిదేండ్లయినను నిండలేదు.

గురువు పోయిన పిదప కళ యేమగును? ఈ ప్రశ్న మనకు మాత్రమే కలిగినది కాదు. ఐరోపాలో, నేటి బెల్జియము దేశమున, పీటర్ బ్రూగెల్ అను చిత్రకారు డుండెను. ఆయనయు ఇటలీ పోయి చూచి వచ్చి, తన దేశపు రైతుల పెండ్లిండ్లను, కోతలను, మంచుకాలపు వేటను చిత్రించెను. 1569లో ఆయన మరణించునాటికి పెద్దకుమారునికి సుమారు ఐదేండ్లు, చిన్నవాడు పసిబిడ్డ. ఇరువురును పెరిగి చిత్రకారులైరి. పెద్దవాడు తండ్రి చిత్రములకు ప్రతులు పెక్కు వ్రాసి ఆ పేరును నలుదిక్కుల నిలిపెను.

రామారావుగారి కళకు అట్టి వారసులు మిత్రులు, శిష్యులు, ఇంటివారు. ఇల్లాలు సత్యవాణిగారును, సోదరి కామేశ్వరిగారును కుంచె పట్టినవారే. మిత్రుడు వరదా వేంకటరత్నముగారు పాఠశాలను మూతపడనీయక నడిపిరి. వారందరు ఆ చిత్రములను చెదరనీయక కాపాడినందుననే నేడు రాజమహేంద్రవరమున రామారావు చిత్రశాల యున్నది.

చిత్రకళ కూడు పెట్టునా అని యడిగిన పెద్దలకు మేము హామీ ఈయజాలము. ఒక్కటి మాత్రము చెప్పగలము. రామారావుగారి ప్రతిభ వారిదే యైనను, దానిని చూచి బాట చూపినది ఒక ఉపాధ్యాయుడు. వారి యనంతరము దానిని నిలిపినది నలుగురు ఆత్మీయులు. ఈ రెండును లేనిచో ఆ పేరు నేడు మనకు తెలిసియుండెడిది కాదు.

ఆ మరునా డుదయమున మేము వరికుంటపాడు విడుచునప్పటికి గోడమీది బండి అట్లే యుండెను. పెద్దాయన దానిని తుడువనీయలేదు. శ్రోతలలో రాజమహేంద్రవరము పోవువారు గోదావరి స్నానముతోపాటు ఆ చిత్రశాలను గూడ ఒకమారు దర్శింతురుగాక. ఇంట బొగ్గు పట్టు పిల్లలున్నచో వారిని వెంట తీసికొనిపోదురుగాక.