పైలో ఆరు తొమ్మిదులు

పై విలువ 3.14 అని బడిలో నేర్చుకున్నాం. నిజానికి ఆ దశాంశాలకు అంతే లేదు. అందులో 762వ స్థానం నుంచి ఒక వింత: ఆరు తొమ్మిదులు, ఒకదాని వెంట ఒకటి! ఒకే అంకె ఇంత తొందరగా ఇలా బారులు తీరడం చాలా అరుదు. భౌతిక శాస్త్రవేత్త ఫైన్‌మన్ పేరుతో ఈ చోటును పిలుస్తారు. సున్నా అయితే 32వ స్థానం దాకా ముఖమే చూపదు. ఇక సున్నా నుంచి తొమ్మిది దాకా వరుసక్రమంలో కావాలంటే 1,738 కోట్ల అంకెలు దాటాలి. 1997లో జపాన్‌లో యసుమాస కనడ కంప్యూటర్ లెక్కల్లో అది దొరికింది. ఎంత ఓపిక కావాలి! ఇవన్నీ యాదృచ్ఛికమేనని నా నమ్మకం. అయితే పైలో పది అంకెలూ సమాన వాటాతో వస్తాయని ఇప్పటికీ ఎవరూ రుజువు చేయలేదు.