ఆటలో సంతకం

(రాత్రి కేంద్రంలో చదువుకుంటున్నవారి ముందు చేసిన ప్రసంగం)



నిన్న రాత్రి ఇక్కడ జరిగిన గొడవ మీకు గుర్తే. "ఆ నెల డబ్బు నేను కట్టేశాను" అని ఒకప్ప అంది. "కట్టలేదు" అని సంఘం పుస్తకం రాసే అమ్మాయి అంది. పుస్తకం తీసి చూశాం. గడిలో అంకె ఉంది. తేదీ లేదు. సంతకం లేదు. అంకె కూడా కొట్టేసి మళ్ళీ రాసినట్టుంది. గంటసేపు అరుచుకున్నాం. ఏమీ తేలలేదు. ఆ గోలలో ఒక గుంటడు మాత్రం మూల కూర్చుని ఫోనులో ఆట ఆడుకుంటున్నాడు. తల ఎత్తితే ఒట్టు!

ఇళ్ళకి వెళ్ళేటప్పుడు వాళ్ళమ్మ నన్ను అడిగింది. "మాస్టారూ, ఈ మాయదారి ఆటని ఎవుడు కనిపెట్టినాడండి?" అని.

ఆ ప్రశ్నకే ఈ పూట జవాబు చెప్తాను. వినండి. నిన్నటి గొడవ కూడా ఇందులోనే ఉంది.

మన చిన్నతనంలో ఆటలంటే గోళీలు, కర్రాబిళ్ళ, చింతపిక్కలు. తరవాత ఊళ్ళోకి టి.వి. వచ్చింది. 1990ల్లో బస్టాండు పక్కన వీడియో గేమ్ కొట్టు వచ్చింది. టి.వి. ముందు బల్ల, చేతిలో పిడి, గంటకి ఇంత అని డబ్బు. మా అమ్మ నూనెకిచ్చిన డబ్బులు ఒకసారి అక్కడే అయిపోయాయి. ఇంట్లో వీపు చిట్లింది. అంచేత ఆ తల్లి బాధ నాకు తెలుసు.

ఇంతకీ ఈ ఆట పుట్టింది మన దగ్గర కాదు. అమెరికాలో. దాన్ని తలపెట్టినవాడు మాత్రం అమెరికాలో పుట్టినవాడు కాదు. పేరు రాల్ఫ్ బేర్. 1922లో జర్మనీలో పుట్టాడు. యూదుల కుటుంబం. హిట్లరు పాలనలో యూదుల పిల్లలని బళ్ళలోంచి గెంటేశారు. ఈయన్నీ గెంటేశారు. 1938లో ఆ కుటుంబం ప్రాణాలు దక్కించుకుని అమెరికా చేరింది. అక్కడ రాల్ఫ్ ఫ్యాక్టరీలో కూలికి చేరాడు. వారానికి 12 డాలర్లు.

ఒకరోజు ఒక ప్రకటన చూశాడు. రేడియో బాగుచేసే పని పోస్టులో పాఠాలు తెప్పించుకుని నేర్చుకోవచ్చని అందులో ఉంది. నేర్చుకున్నాడు. 1940కల్లా రేడియో మెకానిక్ అయ్యాడు. తరవాత యుద్ధానికి వెళ్ళాడు. తిరిగి వచ్చి మళ్ళీ చదివాడు. 1949లో టి.వి. ఇంజనీరు పట్టా పుచ్చుకున్నాడు. మీరు సాయంత్రం పని ముగించుకుని ఇక్కడికి వచ్చి పలక పట్టుకుంటున్నారే, ఆయనదీ అలాంటి చదువే.

ఇక అసలు కథ. 1966 ఆగస్టు ఆఖర్లో రాల్ఫ్ పని మీద న్యూయార్కు వెళ్ళాడు. బస్టాండులో తోటి ఇంజనీరు కోసం కూర్చున్నాడు. అప్పటిదాకా టి.వి. అంటే చూడ్డానికే. వాళ్ళు చూపిస్తారు, మనం చూస్తాం. అదే టి.వి.తో ఆడుకుంటే ఎలా ఉంటుంది? ఈ ఆలోచన వచ్చి అక్కడే కాగితం మీద గీసుకున్నాడు. మర్నాడు, సెప్టెంబరు 1న, ఆఫీసులో కూర్చుని అదంతా 4 పేజీలు రాశాడు.

ఇక్కడ ఆయన ఒక పని చేశాడు. ఆ పేజీలని పక్క ఇంజనీరు చేత చదివించాడు. తేదీ వేయించాడు. సంతకం పెట్టించాడు.

ఆయన పనిచేసేది సాండర్స్ అనే కంపెనీలో. సైన్యానికి పరికరాలు చేసే కంపెనీ. అక్కడ ఆటలేమిటి? అయినా పెద్దలు 2,500 డాలర్లు ఇచ్చి చేసి చూపించమన్నారు. బిల్ హారిసన్, బిల్ రష్ అని ఇద్దరు తోడయ్యారు. 1968కల్లా పెట్టె తయారైంది. దాన్ని టి.వి.కి తగిలిస్తే తెర మీద మూడు చుక్కలు వస్తాయి. రెండు చుక్కలు మనుషులు, మూడోది బంతి. చేతిలో బొత్తం తిప్పితే మన చుక్క కదులుతుంది. బంతికి అడ్డం పెడితే బంతి అవతలికి పోతుంది. అంతే ఆట! ఇంట్లో ఆడే మొదటి వీడియో గేమ్ అదే. మాగ్నవాక్స్ అనే టి.వి. కంపెనీ దాన్ని 1972లో "ఒడిస్సీ" అని పేరు పెట్టి అమ్మింది. ధర 100 డాలర్లు. రంగు లేదు, చప్పుడు లేదు. ఎవరికెన్ని పాయింట్లో కూడా అది చెప్పదు. ఆడేవాళ్ళే కాగితం మీద రాసుకోవాలి!

అది కొట్లలోకి రాకముందే, 1972 మే 24న, కాలిఫోర్నియాలో బర్లింగేమ్ అనే ఊళ్ళో మాగ్నవాక్స్ వాళ్ళు దాన్ని పదిమందికీ చూపించారు. వచ్చినవాళ్ళు గుమ్మం దగ్గర పుస్తకంలో సంతకం పెట్టి లోపలికి వెళ్ళాలి. నోలన్ బుష్నెల్ అనే ఇంజనీరు వచ్చాడు. సంతకం పెట్టాడు. ఆట చూశాడు, ఆడాడు, వెళ్ళిపోయాడు.

ఈ బుష్నెల్ తెలివైనవాడే. అప్పటికే 1971లో నాణెం వేసి ఆడే యంత్రం ఒకటి చేశాడు. దాని పేరు "కంప్యూటర్ స్పేస్". కాని దాన్ని ఎలా ఆడాలో చెప్పే మాటలు బారెడు. సాయంత్రం సారా దుకాణానికి వచ్చేవాడు అవన్నీ చదువుతాడా? పెద్దగా ఆడలేదు. 1972 జూన్‌లో టెడ్ డాబ్నీతో కలిసి "అటారీ" అనే కంపెనీ పెట్టాడు. ఆల్ ఆల్‌కార్న్ అనే కుర్ర ఇంజనీరు చేత బంతి ఆట చేయించాడు. అదే "పాంగ్". ఈసారి యంత్రం మీద రాసింది ఎంత? బంతిని వదలకుండా కొడితే పాయింట్లు వస్తాయి, అంతే. సన్నీవేల్ అనే ఊరి సారా దుకాణంలో ఒక యంత్రం పెట్టారు. కొన్నాళ్ళకి అది ఆగిపోయింది. ఆల్‌కార్న్ వెళ్ళి తెరిచి చూశాడు. నాణేలు నిండిపోయి అడ్డం పడ్డాయి. యంత్రం చెడలేదు!

పాంగ్ ఊరూరా పాకింది. అలాంటివే మరి కొన్ని కంపెనీలు చేసుకున్నాయి. 1974లో మాగ్నవాక్స్ కోర్టుకి వెళ్ళింది. "ఈ ఆట మాది. పేటెంటు మా దగ్గరుంది" అంది. పేటెంటు అంటే పొలానికి పట్టా లాంటిదే. ఫలానా వస్తువు ఫలానావాడు కనిపెట్టాడని ప్రభుత్వం రాసిచ్చే కాగితం.

కోర్టులో నోటిమాటకి విలువెంత? "నేను ముందు అనుకున్నాను" అని ఎవరైనా అంటారు. రాల్ఫ్ బేర్ కాగితాలు తెచ్చాడు. 1966 సెప్టెంబరు 1 తేదీ ఉంది. సాక్షి సంతకం ఉంది. ఆ తరవాత చేసిన పనికి కూడా రాతలు ఉన్నాయి. బుష్నెల్ ఒడిస్సీ చూశాడా లేదా అంటే గుమ్మం దగ్గర పుస్తకం ఉండనే ఉంది. ఆయన సంతకం ఆయనే పెట్టాడు కదా! 1976లో అటారీ రాజీకి వచ్చింది. 15 లక్షల డాలర్లు కట్టడానికి ఒప్పుకుంది. మిగతా కంపెనీల మీద తీర్పు 1977లో వచ్చింది. అదీ బేర్ పక్షానే. పెట్టె అమ్మినదానికంటే ఆ కాగితాల మీద వచ్చిన డబ్బే ఎక్కువని చెప్తారు.

నిన్న మన పుస్తకంలో లేనిది ఏదో ఇప్పుడు చెప్పక్కరలేదు.

ఇంకో సంతకం కథ ఉంది. నాకు ఇదే ఎక్కువ ఇష్టం.

1977లో అటారీ ఇంట్లో ఆడే పెట్టె తెచ్చింది. కేసెట్టు మారిస్తే ఆట మారుతుంది. ఒక్కో ఆటని ఒక్కో మనిషి కూర్చుని తయారుచేసేవాడు. బొమ్మ, చప్పుడు, లెక్క అన్నీ వాడివే. కాని ఆట మీద గాని, డబ్బా మీద గాని వాడి పేరు ఉండదు. కంపెనీ పేరే ఉంటుంది. పొందూరు ఖద్దరు చూడండి. వాలుగ చేప దవడతో పత్తి ఏకి, అంత సన్నని నూలు వడికిన ఆడమనిషి పేరు పంచె మీద ఎక్కడైనా చూశారా? అలాగే.

అప్పట్లో అటారీ పెద్ద రే కాసర్. బట్టల కంపెనీ నుంచి వచ్చినవాడు. ఆటలు తయారుచేసేవాళ్ళని తువ్వాళ్ళ మీద డిజైన్లు వేసేవాళ్ళతో పోల్చాడు. నన్నడిగితే ఇద్దరి పేర్లూ వేయాల్సిందే. నలుగురికి ఒళ్ళు మండింది. డేవిడ్ క్రేన్, లారీ కాప్లాన్, అలన్ మిల్లర్, బాబ్ వైట్‌హెడ్. కంపెనీకి కోట్లు తెచ్చిన ఆటల్లో చాలా వాళ్ళవే. అడిగారు, కాదన్నారు, బయటికి వచ్చేశారు. 1979లో "యాక్టివిజన్" అని సొంత కంపెనీ పెట్టారు. ఎవరు చేసిన ఆట మీద వాళ్ళ పేరు అచ్చువేశారు. అదే కంపెనీ పెరిగి పెరిగి, 2023 అక్టోబరులో సుమారు 6,900 కోట్ల డాలర్లకి మైక్రోసాఫ్ట్ చేతికి వచ్చింది. ఆ కొనుగోలు నడిపిన మైక్రోసాఫ్ట్ పెద్ద మన తెలుగువాడే, హైదరాబాదులో పుట్టిన సత్య నాదెళ్ల.

అటారీలోనే వారెన్ రాబినెట్ అని ఇంకో కుర్రాడు. వాడు పోట్లాడలేదు. "అడ్వెంచర్" అనే ఆట చేస్తూ అందులో ఒక రహస్యపు గది కట్టాడు. ఆటలో ఒకచోట కంటికి ఆనని చిన్న చుక్క ఉంటుంది. దాన్ని పట్టుకుని ఫలానా గోడ దగ్గరికి వెళ్తే దారి దొరుకుతుంది. లోపల రంగులు మారే అక్షరాలతో "దీన్ని చేసినవాడు వారెన్ రాబినెట్" అని ఉంటుంది. ఎవరికీ చెప్పలేదు. ఉద్యోగం మానేసి వెళ్ళిపోయాడు. 1980లో ఆట అమ్మకానికి వచ్చింది. ఉటా రాష్ట్రంలో 15 ఏళ్ళ పిల్లాడు ఆడుతూ ఆడుతూ ఆ గది కనుక్కున్నాడు. కంపెనీకి ఉత్తరం రాశాడు. అప్పుడు గాని పెద్దలకి సంగతి తెలియలేదు! అప్పటికే కేసెట్లు లోకం మీదికి వెళ్ళిపోయాయి. తీసేస్తే ఖర్చు. అలాగే ఉంచేశారు. ఆటల్లో ఇలా దాచి పెట్టడం తరవాత ఆనవాయితీ అయిపోయింది.

రాల్ఫ్ బేర్‌కి 2006లో అమెరికా అధ్యక్షుడు పతకం ఇచ్చాడు. 2014లో, 92 ఏళ్ళ వయసులో ఆయన పోయాడు. ఆయన పెట్టె, కాగితాలు వాషింగ్టన్‌లో మ్యూజియంలో ఉన్నాయి.

ఇప్పుడు ఆ గుంటడి సంగతి. ఈ పూట కూడా మూల కూర్చున్నాడు, కాని ఫోను కింద పెట్టి వింటున్నాడు. వాడికో పని చెప్పాను. వాడి ఆటలో దాన్ని చేసినవాళ్ళ పేర్లు ఎక్కడో ఉంటాయి. వెతికి, కాగితం మీద రాసి, రేపు వాళ్ళమ్మ చేత చదివించాలి. మీరు సంఘం పుస్తకం తీసుకురండి. కొత్త పేజీలో గీతలు గీద్దాం. తేదీకి ఒక గడి, కట్టినవారి సంతకానికి ఒకటి, తీసుకున్నవారి సంతకానికి ఒకటి. పెన్ను నేను తెస్తాను. వేలిముద్ర వేసే సిరాపెట్టె మాత్రం ఎవరూ తేకండి.