సాత్వికులకు దక్కే భూమి



కొండమీది ప్రసంగంలో మూడవ ధన్యత సాత్వికులది. మత్తయి 5వ అధ్యాయం, 5వ వచనం. వారికి భూమి స్వాస్థ్యమవుతుందని ప్రభువు సెలవిచ్చాడు. 37వ కీర్తనలో దావీదు ముందే పాడిన సంగతి ఇది. వినడానికి బాగానే ఉంటుంది. పొలం గట్టు మీద నిలబడినప్పుడు ఎంతమందిమి నమ్ముతాం? జానెడు గట్టు కోసం అన్నదమ్ములు కోర్టుకెక్కుతారు. ఆదివారం అదే మందిరంలో ఒకరు ఈ మూల, ఒకరు ఆ మూల కూర్చుని ఆరాధిస్తారు!

ఆదికాండము 13వ అధ్యాయం చూడండి. అబ్రాము కాపరులకూ లోతు కాపరులకూ కలహం పుట్టింది. లోతు అతని సహోదరుని కుమారుడు. వయసులో పెద్దవాడు అబ్రాము, వాగ్దానం పొందినవాడూ అబ్రామే. అయినా, ముందు నువ్వే కోరుకో అన్నాడు. లోతు నీళ్లు పారే యొర్దాను మైదానం తీసుకున్నాడు. సొదొమ కూడా అటువైపే ఉంది. లోతు వెళ్లిపోయిన తరువాతనే దేవుడు అబ్రామును నాలుగు దిక్కులా చూడమన్నాడు. ఆ క్రమం గమనించారా?

ఇది చేతకానితనం అనుకోకండి. తరువాతి అధ్యాయంలో శత్రురాజులు లోతును చెరపట్టుకొనిపోతే, 318 మందితో రాత్రివేళ వారిమీద పడి విడిపించినవాడు ఈ అబ్రామే. కాబట్టి విధవరాలైన చెల్లెలి వాటాను ఎవరైనా కాజేస్తుంటే, సాత్వికమని చెప్పి మౌనంగా కూర్చోవద్దు. మన సొంత గట్టు సంగతి వేరు.

అర్పణను బలిపీఠము ఎదుటనే విడిచి, మొదట సహోదరునితో సమాధానపడమని ప్రభువు ఈ ప్రసంగంలోనే చెప్పాడు. ఈ ఆదివారం మీ సంఘంలో ప్రభువు బల్ల ఉంటే, శనివారమే ఆ ఇంటికి వెళ్లండి. పెద్దమనుషులను, సర్వేయరును వెంట తీసుకొని వెళ్లవద్దు. ఒక్కరే వెళ్లండి.