గడ్డకట్టని తొట్టి

పుష్యమాసపు తెల్లవారుజామున నూతినీరు గోరువెచ్చగా నుండుట శ్రోతల కందఱకు తెలిసినదే. గాలి చల్లబడినంత త్వరగా నేల లోపలి పొరలు చల్లబడవు. మనకది స్నానసుఖము. కెనడా దేశమునందలి మానిటోబా, సస్కాచవాన్ మైదానముల రైతులకో, పశువుల ప్రాణాధారము. అచట శీతకాలమున ఉష్ణోగ్రత సున్నకు దిగువ 30 డిగ్రీల సెంటిగ్రేడునకు పడిపోవుట కలదు. రాత్రి పోసిన తొట్టినీరు ఉదయమునకు రాయియగును. అట్టిచోట పశువులకు నీరెట్లు అందింతురో ఈ పూట మేము మనవి చేయుదుము.

చలిలో పశువునకు దప్పిక యుండదని తలంపరాదు. ఆ దినములలో ఎండుగడ్డియే మేత. అది కడుపులో నానవలెనన్న నీరు కావలెను. నీరు చాలనిచో పశువు మేత తగ్గించును, మేత తగ్గినచో ఒడలిలో వేడి పుట్టదు, పాలును తగ్గును. మంచు తినరాదా యందురేమో. ఒక గ్రాము మంచు కరగుటకే 80 కెలోరీల వేడి కావలెను. ఆ వేడి పశువు తన యొడలినుండియే యీయవలెను. బలమైన పశువు దీని కోర్చుకొనవచ్చును. పాడియావును, చిక్కిన పశువును ఓర్వజాలవు.

మొదటి యుపాయము నేలవేడి. గొట్టమును గడ్డకట్టు పొరకు దిగువగా, 2 మీటర్లకు మించిన లోతున పాతుదురు. కుళాయి పిడి పైనున్నను మూత అడుగుననే యుండును. కట్టివేయగానే నిలువుగొట్టములో మిగిలిన నీరు క్రింది కంకరలోనికి జాఱిపోవును.

రెండవది కప్పు. తొట్టిచుట్టును చలి చొరని పొర యమర్చి, పైన మూత వైచి, మూతి పట్టునంత రంధ్రము మాత్రమే విడుతురు. మందకు మించిన పెద్దతొట్టి పనికిరాదు. నిలిచిన నీరే ముందుగా గడ్డకట్టును.

మూడవది విద్యుత్తాపకము. దీనికి భూసంధానము సరిగా నుండవలెను. లేనిచో మనకు తెలియనంత స్వల్పవిద్యుత్తు సైతము ఆవు మూతికి తగులును. అది త్రాగక మరలిపోవును. రైతు దానికి దప్పిక లేదని భ్రమపడును.

విద్యుత్తు లేని బీళ్లలో ఆవు తానే మూతితో మీటను నెట్టి, నూతినీరు తోడుకొను పంపులును గలవు. మిగిలిన నీరు తిరిగి నూతిలోనికే దిగును. అయితే చిన్నదూడలకు ఆ మీట నెట్టు బలము చాలదు. వానికి వేఱుతొట్టి యుంచవలెను.

సాధన మేదియైనను నమ్మి యూరకుండరాదు. ప్రతిదినము ఉదయమున తొట్టికడకు పోయి, నీరున్నదో లేదో చూచి, పశువు త్రాగువఱకు నిలువవలెను.