అరెకరం అమ్మే ముందు ఐటీఐ చూడండి
(విశాఖ వన్ టౌన్ సభలో మన సంఘం తరఫున చేసిన ప్రసంగం)



ఈ వన్ టౌన్ పక్కనే ఉన్న పోర్టు 1933లో మొదలైంది. 1948లో ఇక్కడి షిప్‌యార్డు నుంచి 'జల ఉష' ఓడ నీళ్లలోకి దిగింది. ఓడ కట్టాలంటే గీసేవాళ్లు ఒక్కరే చాలరు, బిగించేవాళ్లు, అతికేవాళ్లు కావాలి.

మన ఊళ్లలో ఏం జరుగుతోంది? పిల్లాడి ఇంజినీరింగుకు అరెకరం అమ్ముతున్నాం, లేదా వడ్డీకి తెస్తున్నాం. నాలుగేళ్ల తర్వాత చాలా ఇళ్లలో పట్టా గోడ మీద, అప్పు నెత్తి మీద. చదువు వద్దని మేం అనడం లేదు. ఇంకో దారీ చూడమంటున్నాం.

కంచరపాలెంలో ప్రభుత్వ ఐటీఐ ఉంది. పదో తరగతి పాసైతే ఐటీఐలో ఫిట్టర్, ఎలక్ట్రీషియన్ రెండేళ్లు, వెల్డర్ ఏడాది. ఆడపిల్లలూ చేరవచ్చు. తర్వాత 1961 అప్రెంటిస్ చట్టం కింద షిప్‌యార్డు, నేవల్ డాక్‌యార్డు, ఉక్కు ఫ్యాక్టరీ వంటి చోట్ల స్టైపెండ్ తీసుకుంటూ పని నేర్చుకోవచ్చు. ఊరికి తిరిగొచ్చినా మోటారు, ట్రాక్టరు బాగుచేసే చేతికి పని దొరుకుతుంది.

ఒక మాట దాచం. నేర్పినచోటే ఉద్యోగం ఇచ్చితీరాలని చట్టంలో లేదు. పర్మనెంట్ పోస్టులుంటేనే నేర్చిన పనికి విలువ. ఉక్కు ఫ్యాక్టరీకి భూములిచ్చింది మన రైతులే. 2021 నుంచి ప్రైవేటీకరణ వద్దని కార్మికులు చేస్తున్న పోరాటం మన పిల్లల కొలువుల కోసం కూడా.

పది ఫలితాలు రాగానే బిడ్డను వెంటబెట్టుకుని ఐటీఐకి వెళ్లండి. దరఖాస్తు నింపడం రాకపోతే సంఘం ఆఫీసుకు రండి, మేం నింపిపెడతాం. భూమి సంగతి ఆ తర్వాత ఆలోచిద్దాం.